జప్తుకు అడ్డు నిలిచిన వకీలు - సర్ ఛోటూరామ్

ఢిల్లీ నుంచి రోహ్తక్ వెళ్లే రహదారిలో బహదూర్‌గఢ్ దాటిన తరువాత సాంప్లా అనే చిన్న పట్టణం వస్తుంది. 2020 నవంబరు నుంచి 2021 డిసెంబరు వరకు రైతులు ఈ దారిలోనే, టిక్రీ సరిహద్దు వద్ద, బైఠాయించి వున్నారు. ఆ నెలల్లో నేను అక్కడికి పలుమార్లు వెళ్లాను. ట్రాక్టరు ట్రాలీలకు కట్టిన చిత్రపటాలలో భగత్‌సింగ్‌ను గుర్తుపట్టడానికి నాకు ఎవరి సాయమూ అవసరం కాలేదు. ఆ పక్కనే తలపాగాతో కనిపించిన మరొక పెద్దమనిషి పటాన్ని చూసి ఆయన ఎవరని తెలుగు దేశం నుంచి వచ్చిన మిత్రుడొకరు నన్ను అడిగారు. ఆయన సర్ ఛోటూరామ్. ఉత్తర భారతంలో రైతు ఇంటికి ఆ పేరు ఎంత దగ్గరిదో, మన ప్రాంతంలో అది అంత అపరిచితం.

మిత్రునికి ఆనాడు రెండు మాటలలో చెప్పి వూరుకున్నాను. కాని ఆయన కథ రెండు మాటలలో తేలేది కాదు. అప్పు తీర్చలేని మనిషి ఇంటి మీదికి న్యాయస్థానం పంపే జప్తు ఉత్తరువు ఎంతవరకు వెళ్లవచ్చు, ఎక్కడ ఆగిపోవాలి అన్న ప్రశ్న చుట్టూ ఆయన జీవితం చాలావరకు తిరిగింది. ఈ వారం ఆ కథ చెప్పదలచాను.

ముందుగా ఒక సొంత జ్ఞాపకం. నా చిన్నతనంలో మా పెదనాన్నగారు బంధువు ఒకరికి హామీ వుండి, ఆ అప్పు తన నెత్తిన పడగా, డిక్రీకి లోనయ్యారు. ఒక ఉదయం అమీను, ఇద్దరు బంట్రోతులు వచ్చి దొడ్లోని రెండు ఎద్దులను విప్పి తోలుకుపోయారు. దుక్కులు మొదలయ్యే రోజులవి. ఇంట్లో ఎవరూ గొంతెత్తలేదు. కోర్టు కాగితానికి ఎదురు చెప్పడం నేరమని మావాళ్లు నమ్మారు. కొన్ని నెలల తరువాత, ఎద్దులు వేలంలో పోయిన పిమ్మట, పట్నంలోని వృద్ధ ప్లీడరు ఒకరు అసలు సంగతి చెప్పారు. సేద్యానికి అవసరమైన పశువులను జప్తు చేయరాదని చట్టంలోనే వున్నదనీ, గడువులోగా అభ్యంతరం దాఖలు చేసివుంటే ఆ ఎద్దులు దొడ్లోనే వుండేవనీ ఆయన అన్నారు. పెదనాన్నగారు ఆ తరువాత చాలా రోజులు ఎవరితోనూ సరిగా మాట్లాడలేదు. రక్షణ వుండి కూడా అది తనకు దక్కకపోవడమే ఆయనను ఎక్కువగా బాధించిందని నాకు పెద్దయిన తరువాత అర్థమయింది.

1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని 60వ సెక్షన్ ఆ ప్లీడరు చెప్పిన చట్టం. బాకీదారు, అతని భార్యాబిడ్డల కట్టుబట్టలు, వంటపాత్రలు, పడకలు జప్తు కారాదు. మతాచారం ప్రకారం స్త్రీ తన ఒంటినుంచి తీయరాని ఆభరణాలు జప్తు కారాదు. చేతిపనివాని పనిముట్లు, రైతు వ్యవసాయ సాధనాలు, జీవనానికి అవసరమని కోర్టు భావించిన పశువులు, విత్తనాలు, రైతు నివసించే ఇల్లు - ఇవన్నీ ఆ జాబితాలో వున్నాయి. ఇంచుమించు ఇదే జాబితా 1882 నాటి కోడ్‌లోనూ వున్నది. అంటే ఛోటూరామ్ వకీలు వృత్తిలో ప్రవేశించేనాటికి కాగితం మీద రైతుకు రక్షణ లేకపోలేదు. ఆ కాగితానికీ రైతు వాకిలికీ మధ్య వున్న దూరాన్ని కొలిచి చూసినవాడు ఆయన.

ఛోటూరామ్ 1881 నవంబరు 24న సాంప్లాను ఆనుకుని వున్న గఢీ గ్రామంలో ఒక జాట్ రైతు కుటుంబంలో జన్మించారు. అది నాడు పంజాబులోని రోహ్తక్ జిల్లా. అసలు పేరు రామ్ రిఛ్‌పాల్. ఇంట్లో అందరికంటె చిన్నవాడు కావడంతో ఛోటూ అన్న ముద్దుపేరే స్థిరపడిపోయింది. తండ్రి సుఖీరామ్‌కు కొద్దిపాటి మెట్ట భూమి, దానికి మించిన అప్పు వుండేవి. కొడుకు పై చదువు కోసం తండ్రి అతనిని వెంటబెట్టుకుని సాంప్లాలోని షావుకారు వద్దకు అప్పుకు వెళ్లారనీ, షావుకారు తన కొడుకు పక్కనే కూర్చుని వుండగా ఈ వృద్ధ రైతును పంకా తాడు లాగమన్నాడనీ అక్కడి పల్లెల్లో నేటికీ చెప్పుకుంటారు. తండ్రి ఆ తాడు పట్టుకోబోయిన దృశ్యం ఆ బాలుని జీవితాంతం వెన్నాడిందని ఆయన జీవితం రాసిన వారందరూ పేర్కొంటారు.

ఝజ్జర్‌లోను, ఢిల్లీలోని క్రిస్టియన్ మిషన్ స్కూలులోను చదివి ఆయన సెయింట్ స్టీఫెన్స్ కళాశాలలో చేరారు. చదువుకు డబ్బు చాలక మధ్యలో ఆగిపోవలసిన తరుణంలో, కలకత్తా జనుము వ్యాపారంలో సంపన్నుడైన ఛాజూరామ్ అనే హర్యానా దాత ఆదుకున్నారు. 1905లో పట్టభద్రుడై, కొంతకాలం కాలాకాంకర్ రాజావారి కొలువులో పనిచేశారు. ఆగ్రాలో న్యాయశాస్త్రం చదివి అక్కడే ప్రాక్టీసు మొదలుపెట్టి, 1912లో రోహ్తక్‌కు మకాం మార్చారు.

జిల్లా కోర్టు ఆవరణలో ఆయనకు కనిపించిన ప్రపంచం ఎటువంటిదో ఊహించడం కష్టం కాదు. రైతు వేలిముద్ర వేసిన కాగితంలో ఎంత రాసివున్నదో అతనికి తెలియదు. సమన్లు వూరికి చేరినా రెండు రోజుల కూలి పోగొట్టుకుని కోర్టుకు పోయి చేసేదేమీ లేదని అతను వెళ్లడు. ఎకపక్షంగా డిక్రీ అవుతుంది. అమలు దరఖాస్తు పడుతుంది, అమీను వస్తాడు. జప్తు కారాని వస్తువు జప్తు అయితే, అది నాకు అవసరమైనదని రుజువు చేయవలసిన భారం ఆ రైతుదే. అందుకు వకీలు కావాలి, స్టాంపు కావాలి, సాక్షులు కావాలి. అవన్నీ కొనగలిగినవాడు అసలు అప్పులోనే పడడు. కొన్ని పత్రాలలో రైతు తనకు చట్టం ఇచ్చిన మినహాయింపులను ముందుగానే వదులుకున్నట్లు ఒక వాక్యం కూడా చేర్చేవారు.

పంజాబులో ఈ వ్యాధి ఎంత ముదిరిందో రెండు అంకెలు చెబుతాయి. ప్రావిన్సులోని వ్యవసాయ రుణభారం 1921 ప్రాంతంలో దాదాపు 90 కోట్ల రూపాయలని సహకార శాఖ అధికారి మాల్కమ్ డార్లింగ్ అంచనా వేశారు. 1930 నాటి బ్యాంకింగ్ విచారణ సంఘం దానిని 135 కోట్లకు చేర్చింది. ఆపైన ప్రపంచ ఆర్థిక మాంద్యం వచ్చి గోధుమ ధర కుప్పకూలింది. ధర పడినంత మాత్రాన అప్పు తగ్గదు కదా.

ఇక్కడ మన పాఠకులు ఒక మాట గమనించాలి. జమీందారు అనగానే మనకు వెంకటగిరి, బొబ్బిలి వంటి పెద్ద ఎస్టేట్లు మనసులో మెదులుతాయి. పంజాబులో ఆ మాటకు అర్థం వేరు. సొంత భూమి దున్నుకునే చిన్న రైతు కూడా అక్కడ జమీందారే. ఛోటూరామ్ 1916లో ప్రారంభించిన ఉర్దూ వారపత్రిక జాట్ గెజెట్‌లో, పాపం జమీందారు అన్న అర్థమిచ్చే శీర్షికతో రాసిన వ్యాసాలు ఈ చిన్న రైతును గురించినవే.

రాజకీయాలలో ఆయన మొదటి అడుగు కాంగ్రెసులోనే పడింది. 1916 నుంచి 1920 వరకు రోహ్తక్ జిల్లా కాంగ్రెసు అధ్యక్షులుగా వున్నారు. సహాయ నిరాకరణ ఉద్యమం వచ్చినప్పుడు, శిస్తు కట్టకపోతే భూమి పోయేది రైతుదేనన్న భయంతో గాంధీజీ బాటను కాదని బయటికి వచ్చారు. మొదటి ప్రపంచ యుద్ధంలో సైన్యానికి మనుషులను చేర్పించారు. తరువాత సర్ బిరుదు కూడా పొందారు. జాతీయోద్యమ దృష్టితో చూసేవారు ఈ అధ్యాయాన్ని తేలికగా క్షమించరు. క్షమించమని నేనూ వాదించను. అయితే 1923లో సర్ ఫజ్లీ హుసేన్‌తో కలిసి ఆయన నెలకొల్పిన యూనియనిస్టు పార్టీలో ముస్లిం, హిందూ, సిక్కు రైతులు ఒకే జెండా కింద నిలిచారు. పంజాబులో మతం పేరిట పార్టీలు పుట్టుకొస్తున్న కాలంలో అది చిన్న విషయం కాదు.

1924 నుంచి రెండేళ్లు ఆయన మంత్రిగా వున్నారు. ఆ పైన దశాబ్ద కాలం శాసనమండలిలో పార్టీ గొంతుకగా నిలిచారు. వడ్డీ వ్యాపారి సక్రమంగా లెక్కలు రాయాలనీ, ఆరు నెలలకొకసారి బాకీదారుకు లెక్క పంపాలనీ నిర్దేశించే చట్టం 1930లో వచ్చింది. 1934లో వచ్చిన పంజాబు రుణ విమోచన చట్టం అంతకంటె ముఖ్యమైనది. రాజీ కుదిర్చే బోర్డులు ఏర్పడ్డాయి. అసలుకు రెట్టింపు మించి డిక్రీ ఇవ్వరాదన్న పాత ధర్మశాస్త్ర నియమం, దామ్‌దుపట్, చట్టంలోకి ఎక్కింది. జప్తుకు తగిన ఆస్తి వుండి కూడా బాకీ కట్టనని మొండికేసిన వాడిని తప్ప, అప్పు కారణంగా మనిషిని జైలులో పెట్టరాదన్న నియమం కూడా అందులో వున్నది.

1936లో వచ్చిన రుణగ్రస్తుల రక్షణ చట్టం మరొక అడుగు ముందుకు వేసింది. పత్తి, చెరకు మినహా పొలంలో నిలిచివున్న పైరునూ, నిలిచివున్న చెట్లనూ డిక్రీ అమలులో జప్తు చేయరాదన్నది. కోతకు పదిరోజుల ముందు అమీను గట్టు మీద నిలబడే రోజులు దానితో పోయాయి. భూమి విషయంలో అంతకుముందే, 1900 నాటి భూ బదలాయింపు చట్టం కింద, వ్యవసాయ తెగలుగా ప్రకటించిన వారి భూమిని డిక్రీకి అమ్మరాదన్న నిషేధం వుంది. భూమి, పైరు, ఇల్లు, పశువు - ఒక్కొక్కదాని చుట్టూ కంచె పడుతూ వచ్చింది.

1937 ఎన్నికలలో యూనియనిస్టులు గెలిచి సర్ సికందర్ హయత్ ఖాన్ ప్రధానిగా ప్రభుత్వం ఏర్పడినప్పుడు ఛోటూరామ్ మళ్లీ మంత్రి అయ్యారు. మరుసటి ఏడు వచ్చిన చట్టాలను రైతులు బంగారు చట్టాలన్నారు, పట్టణ వర్తకులు నల్ల చట్టాలన్నారు. రిజిస్ట్రేషను, లైసెన్సు లేని వడ్డీ వ్యాపారికి కోర్టు తలుపు మూసివేశారు. అతని దావా చెల్లదు, డిక్రీ అమలు కాదు. 1901 జూన్ 8కి పూర్వం తనఖా పెట్టిన భూములు, మూడున్నర దశాబ్దాలుగా షావుకారు అనుభవంలో వున్నవి, తిరిగి రైతులకు అప్పగించే చట్టమూ ఆ ఏడాదే వచ్చింది. బినామీ పేర్లతో భూములు చేజిక్కించుకునే దారిని మూసే సవరణ కూడా అప్పుడే చేశారు.

వీటికి వచ్చిన పేరు 60వ సెక్షనుకు పంజాబు చేసిన సవరణలకు రాలేదు. సభలో గొడవ, వీధులలో ఊరేగింపులు పెద్ద చట్టాల మీద జరిగాయి. 1934, 1940, 1942 చట్టాల ద్వారా వచ్చిన ఈ చిన్న సవరణలను నేను ఇటీవల ఒక లా లైబ్రరీలో కూర్చుని వరుసగా చదివాను. చదువుతున్నంతసేపూ మా దొడ్డి కళ్లముందు మెదిలింది. పాడి పశువులు, చూడి పశువులు, బండి లాగే పశువులు జప్తు కారాదన్నారు. గొడ్లను కట్టేందుకు, బండి నిలిపేందుకు, మేత వామి, పెంటకుప్ప వేసుకునేందుకు కావలసిన ఖాళీ జాగా కూడా జప్తు కారాదన్నారు. పెంటకుప్ప సంగతి చట్టంలోకి ఎక్కిందంటే, ఆ చట్టాన్ని తయారుచేసిన చోట రైతు ఇల్లు ఎరిగినవాడు కూర్చుని వున్నాడన్నమాట.

అంతకన్నా విలువైనవి మరి మూడు వాక్యాలు. రైతు ఇంటిని జప్తు చేయాలంటే అది అద్దెకిచ్చారనో, ఏడాదికి పైగా ఖాళీగా వుందనో రుజువు చేయవలసిన భారం డిక్రీదారుది. మినహాయింపులను వదులుకుంటానని బాకీదారు రాసిచ్చిన ఒప్పందం చెల్లదు. అడిగిన ఆస్తి మినహాయింపు కిందికి రాదని కోర్టు స్వయంగా తృప్తిచెందితే తప్ప జప్తు ఉత్తరువు ఇవ్వరాదు. ఈ మూడింటితో కోర్టులో మాట్లాడవలసిన మనిషి మారిపోయాడు. చదువు రాని రైతు మౌనంగా వుండిపోయినా చట్టం అతని పక్షాన మాట్లాడుతుంది. మా వూళ్లో ఈ మూడవ వాక్యం వుండివుంటే అమీను వచ్చేవాడే కాదు.

ఈ సవరణలన్నీ ఛోటూరామ్ ఒక్కరి చేతి రాత అని నేను అనడం లేదు. ప్రభుత్వంలో న్యాయ నిపుణులున్నారు, పార్టీలో సహచరులున్నారు. కాని వాటి వెనుక వున్న పట్టుదల ఆయనదని అనుకూలురు, ప్రతికూలురు కూడా ఒప్పుకున్నారు. తిట్లు కూడా ఎక్కువగా ఆయనకే దక్కాయి.

ఆ తిట్లలో కొంత న్యాయం లేకపోలేదు. పంజాబులో షావుకార్లలో అధికులు హిందువులు, బాకీదార్లలో అధికులు ముస్లిములు. అందువల్ల ఈ చట్టాలు మత పక్షపాతమని పట్టణ హిందువులు ఆరోపించారు. తానే హిందువు, ఆర్యసమాజి అయిన ఛోటూరామ్ విషయంలో ఆ ఆరోపణ నిలవదు. మరొక ఆరోపణ మాత్రం నిలుస్తుంది. వ్యవసాయ తెగల జాబితాలో దళితులకు చోటు లేదు. తరతరాలుగా పొలంలో పనిచేసినవాడికే భూమి కొనుక్కునే దారి మూసిన చట్టం అది, దానిని ఆయన కాపాడుకుంటూ వచ్చారు. షావుకారు పోయిన చోట అదే తెగకు చెందిన పెద్ద భూస్వామి అప్పు ఇవ్వసాగాడు, తనఖా పట్టసాగాడు. 60వ సెక్షను సవరణలలో మాత్రం వ్యవసాయ కూలీని కూడా రైతు అన్న నిర్వచనంలో చేర్చారు. షెడ్యూల్డ్ కులాల వారందరినీ, కాదని రుజువయ్యే వరకు, రైతులుగానే భావించాలన్నారు. రైతు కాని సామాన్యుడు నివసించే ఒక్క ఇంటికీ రక్షణ కల్పించారు. భూమి చట్టంలో కనిపించని ఔదార్యం జప్తు చట్టంలో కనిపిస్తుంది.

ఆ రోజులలో మన ప్రాంతమూ నిద్రపోలేదు. 1938లోనే మద్రాసులో రాజాజీ మంత్రివర్గం వ్యవసాయదారుల రుణ విమోచన చట్టం తెచ్చింది. టంగుటూరి ప్రకాశం పంతులుగారు ఆ మంత్రివర్గంలో రెవెన్యూ మంత్రి. 1932 అక్టోబరుకు పూర్వపు అప్పుల మీద పేరుకున్న వడ్డీని అది కొట్టివేసింది, అసలుకు రెట్టింపు కట్టినవాడి బాకీ తీరిపోయినట్లే పరిగణించింది. మద్రాసు చూపు అప్పు మొత్తాన్ని తగ్గించడం మీద నిలిచింది. పంజాబు దానితోపాటు వాకిలికి వచ్చే అమీను మీద కూడా చూపు నిలిపింది.

ఛోటూరామ్ చివరి సంవత్సరాలు అలసటతో గడిచాయి. 1942 డిసెంబరులో సికందర్ హయత్ మరణించారు. ఖిజర్ హయత్ ప్రభుత్వం మీద ముస్లిం లీగు ఒత్తిడి పెరిగింది. మతాన్ని పక్కనబెట్టి రైతును కలిపివుంచాలన్న ఆయన ఆలోచనకు నాలుగు వైపులా బీటలు పడసాగాయి. భాక్రా ఆనకట్ట యోచనను ముందుకు నడపడంలో ఆరోగ్యాన్ని లెక్కచేయలేదు. 1945 జనవరి 9న లాహోరులో కన్నుమూశారు. భౌతికకాయాన్ని రోహ్తక్ తెచ్చి దహనం చేశారు. రెండున్నర ఏళ్లకు ఆ పంజాబే రెండు ముక్కలయింది. ఆయనను మహా మార్గదర్శి అన్న అర్థంలో రహబరే ఆజం అని పిలుచుకున్న ముస్లిం రైతులు చాలామంది సరిహద్దుకు ఆవల మిగిలిపోయారు.

రాజ్యాంగం వచ్చిన పిమ్మట భూ బదలాయింపు చట్టం 1951లో రద్దయింది, తెగల జాబితా దానితోపాటే పోయింది. జప్తు చట్టంలోని పని మాత్రం మిగిలింది. మినహాయింపులను వదులుకునే ఒప్పందం చెల్లదన్న నియమాన్ని పార్లమెంటు 1976 సవరణలో దేశమంతటికీ వర్తింపజేసింది. అదే సవరణ కూలీలు, ఇంటి పనివారు నివసించే ఇళ్లను కూడా రక్షణ కిందికి తెచ్చింది. బ్యాంకులు కోర్టుకు పోకుండానే తాకట్టు ఆస్తిని స్వాధీనం చేసుకునేందుకు 2002లో తెచ్చిన సర్ఫేసీ చట్టం సైతం వ్యవసాయ భూమి జోలికి పోరాదని 31వ సెక్షన్ చెబుతున్నది. 60వ సెక్షను కింద జప్తు కారాని ఆస్తిని కూడా అదే సెక్షను మినహాయించింది.

ఆ మినహాయింపులోనే ఒక చిక్కు వున్నది. ఏ అప్పు కోసం ఏ వస్తువును ప్రత్యేకించి తాకట్టు పెట్టారో, ఆ అప్పుకు ఆ వస్తువు విషయంలో రక్షణ వర్తించదు. ఛోటూరామ్ కాలంలో ఎద్దు రైతుదే, అప్పు వేరు. నేడు ట్రాక్టరే అప్పు. వాయిదా తప్పితే దానిని తీసుకుపోవడానికి వచ్చేవాడు చాలాసార్లు అమీను కూడా కాదు, అప్పిచ్చిన సంస్థ పంపిన మనిషి. అతని చేతిలో కోర్టు ఉత్తరువు వుండదు. రైతు సంతకం చేసిన, రైతు చదవని ఒప్పందం వుంటుంది. చదువు వచ్చిన రైతు సైతం చదవనంత చిన్న అక్షరాలలో వుంటుంది.

గఢీ సాంప్లాలో 2018 అక్టోబరులో ఆవిష్కరించిన ఆయన విగ్రహం ఎత్తు 64 అడుగులు. నేను వెళ్లిన రోజున దాని నీడలో ఇద్దరు ముసలి రైతులు హుక్కా పీలుస్తూ కూర్చున్నారు. వారిలో ఒకరి మనుమడి ట్రాక్టరు క్రిందటి నెలలో పోయిందట. కోర్టుకు పోయారా అని అడిగాను. ఆయన తల అడ్డంగా వూపి, హుక్కా గొట్టాన్ని పక్కవానికి అందించారు. ఆ మౌనం నాకు కొత్త కాదు, మా పెదనాన్నగారి దగ్గర చూసినదే. దానికి బదులుగా చట్టం చేత మాట్లాడించాలని ఒక వకీలు ఎనభై, తొంభై ఏళ్ల కిందట పూనుకున్నాడు. తాకట్టు ట్రాక్టరు విషయంలో ఆ పనికి పూనుకోవలసినవారు ఇప్పుడు ఢిల్లీలో, పార్లమెంటులో కూర్చుని వున్నారు.